కాబ్లర్ పైన పొడి పిండి మిగలకుండా ఉండాలంటే

అక్కా, కేక్ మిక్స్‌తో మామిడిపండు కాబ్లర్ (పండ్ల ముక్కల మీద పిండి పొర వేసి ఓవెన్‌లో కాల్చే తీపి వంటకం) చేస్తే పైన పిండి తెల్లగా పొడిగానే ఉండిపోయిందన్నారు కదా, తప్పు ఓవెన్‌ది కాదు. వెన్న తగలని చోట, కింద నుంచి పండ్ల రసం అందని చోట పిండి ఉడకదు. పొడి మిక్స్‌ని పండ్ల మీద చల్లి పైన వెన్న పోసే ఈ పద్ధతి డబ్బాలో పాకంతో వచ్చే పండ్లకు పుట్టింది. మన బంగినపల్లి ముక్కల్లో అంత రసం ఉండదు. అందుకే నాలుగు కప్పుల ముక్కలకు అర కప్పు మామిడి రసమో, పంచదార కలిపిన నీళ్లో పోయండి.

ముక్కల మీద 250 గ్రాముల మిక్స్ సమంగా చల్లి, కలపకుండా వదిలేయండి. 100 గ్రాముల వెన్న కరిగించి, చెంచాతో అంచుల దాకా పోయండి. నేను మొదటిసారి మధ్యలోనే పోసేశాను, మూలలన్నీ పిండే! ఎగ్‌లెస్ మిక్స్ అయినా పర్వాలేదు.

180 డిగ్రీల దగ్గర 40 నుంచి 45 నిమిషాలు పెట్టండి. అంచుల్లో రసం చిక్కగా బుడగలు రావాలి, పైన బంగారు రంగు తిరగాలి. అప్పటికీ తెల్ల మచ్చలుంటే వాటి మీద చెంచాడు కరిగిన వెన్న వేసి ఇంకో పది నిమిషాలు ఉంచండి. మా బెంగళూరులో బాదామి మామిడి (ఆల్ఫాన్సో) దొరికే రోజుల్లో దానితో చేసి చూడండి, ఆ వాసనే వేరు.