“ఇర” అంటే ఏమిటి? మా పాప పేరు అదే

మీ పాప కృత్తిక రెండో పాదంలో పుట్టింది, ‘ఇ’ అక్షరం వచ్చింది, ‘ఇరా’ అని పెట్టాలనుకుంటున్నారు. ఒక యాప్‌లో చూస్తే సరస్వతి అని ఉంది, ఇంకోదాంట్లో కాపలా కాసేది అని, మరోదాంట్లో కోపం అని ఉంది. పైగా దానికి సారా అనే అర్థం కూడా ఉందని మీ అత్తగారికి ఎవరో చెప్పారు. ఇప్పుడు ఇంట్లో అందరికీ టెన్షన్. ఇదీ మీరు రాసింది.

మాది నల్గొండ, సొంతూరు మర్రిగూడ మండలంలో ఉంటుంది. ఆరేళ్ల కింద మా పాపకు ఈ పేరే పెట్టుకున్నాం. మీరు చెప్పిన అర్థాలన్నిటి వెంటా అప్పట్లో నేనూ తిరిగాను కాబట్టి తెలిసినంత చెప్తాను.

యాప్‌లు వేర్వేరు భాషల మాటల్ని ఒకే కుప్పలో పోస్తాయి, గందరగోళమంతా అక్కడే. కోపం అనేది లాటిన్‌లో ‘ఇరా’ అనే మాటకు అర్థం. కాపలా, మెలకువ అనేది హీబ్రూ పేరుది. బైబిల్లో దావీదు దగ్గర ఉన్న ‘ఈరా’ మగవాడు, అమెరికాలో ఇప్పటికీ అది మగవాళ్ల పేరే. రష్యాలో ఇరీనా అనే అమ్మాయిని ముద్దుగా ‘ఇరా’ అంటారు, అది శాంతి అనే గ్రీకు మాట నుంచి వచ్చింది. వీటికీ మన ఇరకూ చుట్టరికం లేదు. అక్షరాలు కలిశాయి, అంతే.

మన మాట సంస్కృతానిది. మా వీధిలో ఉండే రిటైరైన సంస్కృతం సారు అమరకోశం అనే పాత సంస్కృత నిఘంటువు తీసి ఒక్క ముక్క చూపించారు: “ఇరా భూవాక్సురాప్సు స్యాత్”. అంటే భూమి, వాక్కు, సుర, నీళ్లు, ఈ నాలుగింటికీ ఇర అనే పేరుంది. వాక్కు అంటే సరస్వతి కదా, మీ యాప్‌లో కనిపించిన సరస్వతి అక్కడి నుంచే వచ్చింది. మీ అత్తగారికి ఎవరో చెప్పిందీ అబద్ధం కాదు, సుర అక్కడ ఉంది. కానీ మధు అనే మాటకూ తేనెతో పాటు మద్యం అని అర్థం ఉంది. మధు, మధుమతి అని పేర్లు పెట్టుకోవడానికి ఎవరైనా వెనకాడారా? అయినా మన దిక్కు ఎల్లమ్మ తల్లికి కల్లు సాక పోయందే బోనం అయినట్టు కాదు. ఈ మాట మీ అత్తగారితో నిదానంగా చెప్పి చూడండి, మా అమ్మ దీనికే ఒప్పుకుంది.

నాకు మనసు కుదిరింది మాత్రం ఋగ్వేదంలోని మాట దగ్గర. ఐదో మండలం 83వ సూక్తం వానదేవుడైన పర్జన్యుడి మీద ఉంటుంది. గాలులు వీస్తాయి, మెరుపులు మెరుస్తాయి, మొక్కలు పైకి లేస్తాయి అని చెప్తూ చెప్తూ “ఇరా విశ్వస్మై భువనాయ జాయతే” అంటుంది. పర్జన్యుడు నేలను తడిపినప్పుడు లోకమంతటికీ ఇర పుడుతుందని. అక్కడ ఇర అంటే వాన పడ్డాక నేల ఇచ్చే తిండి, ఆ తిండిలోని సత్తువ. అది లేకపోతే ‘అనిర’. ఆ మాట కూడా వేదంలోనే ఉంది, తిండి లేక నీరసించిపోవడం అని. విష్ణుపురాణంలో ఇర కశ్యపుడి భార్య. చెట్లు, తీగలు, గడ్డి అన్నీ ఆమె సంతానం. ఇరావతి అంటే నీళ్లు, తిండి నిండుగా ఉన్నది. పంజాబ్‌లోని రావి నది పాత పేరు అదే, బర్మాలోని ఇరావతీ అదే. ఐరావతం అనే మాట మూలం కూడా ఇరే. మూడువేల ఏళ్ల పైబడిన మాట ఇది. మొన్న మొన్న ఎవరో రెండు అక్షరాలు అతికించి తయారు చేసిన పేరు కాదు.

ఈ వివరాలన్నీ నాకెందుకు కావాల్సి వచ్చాయంటే, మన దిక్కు పేరు వింటే కథ తెలిసిపోయేది. యాదగిరి, యాదమ్మ అంటే గుట్ట నరసింహస్వామికి మొక్కుకున్నారని. సైదులు అంటే జాన్‌పహాడ్ దర్గాకు మొక్కుకున్నారని, హిందువుల ఇండ్లలోనూ ఎంతమంది సైదులులో! లింగయ్య, లింగమ్మ అంటే పెద్దగట్టు లింగమంతులస్వామి. పెంటయ్య, పెంటమ్మ అంటే అంతకుముందు పుట్టిన పిల్లలు దక్కలేదని, ఈ బిడ్డనైనా దక్కించుకోవడానికి పెంట మీద వేసి తెచ్చుకున్నారని. అటువంటి ఊళ్లో తొట్టెల రోజున, అంటే పాపను ఉయ్యాలలో వేసి పేరు పెట్టే రోజున, ‘ఏం పేరు?’ అని అడిగితే ‘యాప్‌లో బాగుందని పెట్టినం’ అని చెప్పడానికి నాకు నోరు రాదు.

అడిగింది మా నాయనమ్మ. ఆమె మోకాళ్లు మడతపడవు, నడుము పూర్తిగా లేవదు. మర్రిగూడ, మునుగోడు, నాంపల్లి దిక్కు ఇలాంటి పెద్దవాళ్లు ఇప్పటికీ కనిపిస్తారు. అక్కడి గ్రానైట్ రాళ్లలోని ఫ్లోరైడ్ భూగర్భ జలంలో కలుస్తుంది. లీటరుకు 1.5 మిల్లీగ్రాములు దాటితే తాగడానికి పనికిరావు, అలాంటి బోరు నీళ్లే ఏళ్ల తరబడి తాగారు. ఎముకలు బిగుసుకుపోయాయి. తొట్టెల నాడు అందరూ చాప మీద కూర్చుంటే ఆమెకు కుర్చీ వేశాం. మా అత్త పాప చెవిలో మూడుసార్లు పేరు చెప్పి లేచింది. నాయనమ్మ నన్ను దగ్గరికి పిలిచింది.

“ఏం పేరు పెట్టిన్రు రా?”

“ఇర, నాయనమ్మా.”

“గదెవరి పేరు?”

“నీళ్ల పేరు.”

ఆమె కాసేపు నా ముఖం చూసింది. “ఏ నీళ్లు? మన బోరు నీళ్లా?”

“కాదు నాయనమ్మా. వాన నీళ్లు.”

“అట్లయితే మంచిదే” అంది. పాపను ఒళ్లో పడుకోబెట్టమంది. మోకాళ్లు వంగవు కాబట్టి ఒడి జారుడుగా ఉంటుంది, నేను కింద చేయి పెట్టి పట్టుకున్నాను. “ఇరమ్మా” అని పిలిచింది. అప్పటి నుంచి ఊళ్లో అందరికీ మా పాప ఇరమ్మే.

అర్థం తేలిపోయింది కాబట్టి ఇక రాయడం సంగతి. నా సలహా ‘ఇర’ అని రాయండి, ‘ఇరా’ అని కాదు. సంస్కృతంలో రమా, ఉమా, లతా అని ఉన్నవి తెలుగులోకి వచ్చేసరికి రమ, ఉమ, లత అయ్యాయి. ఇదీ అంతే. చివర దీర్ఘం ఉంచితే పిలిచేటప్పుడు ‘రా’ అని ఒత్తు పడి, మగపిల్లవాణ్ని పిలిచినట్టు వినిపిస్తుంది. ఇంకొకటి, మొదట్లో కొందరు ‘ఎర’ అని వింటారు, చేపకు వేసే ఎర. మా పక్కింటి పెద్దాయన అలాగే విన్నాడు. ‘ఇ’ని కొంచెం స్పష్టంగా పలికితే పది రోజుల్లో సర్దుకుంటుంది.

జనన ధ్రువపత్రం దగ్గర మాత్రం నేను చేసిన పొరపాటు మీరు చేయకండి. నేను పేరును ఇంగ్లిష్ అక్షరాల్లో మాత్రమే రాసి ఇచ్చాను. కంప్యూటర్ దగ్గర కూర్చున్నాయన దాన్ని తెలుగులో ‘ఐరా’ అని కొట్టాడు, నేను చూసుకోకుండా సంతకం పెట్టాను. సరిచేయించడానికి రెండు నెలలు తిరిగాను. ఐరా అనేది ఇప్పుడు బాగా నడుస్తున్న వేరే పేరు, కాబట్టి ఎవరికీ తప్పు అనిపించదు, మీరే పట్టుకోవాలి. తొందర కూడా అక్కర్లేదు. పుట్టిన 21 రోజుల్లో పుట్టుకను నమోదు చేయించాలి కానీ అప్పటికి పేరు ఉండి తీరాలని లేదు. 12 నెలల లోపు ఫీజు లేకుండా పేరు చేర్చుకోవచ్చు, ఆ తర్వాత 15 ఏళ్ల వరకు ఆలస్య రుసుము కట్టి చేర్చుకోవచ్చు.

తొట్టెల నాడు పళ్లెంలో బియ్యం మీద పేరు రాస్తారు కదా, ‘ఇర’నా ‘ఇరా’నా అనేది ఆలోపే ఇంట్లో తేల్చుకోండి. తర్వాత ఆఫీసుకు వెళ్లినప్పుడు తెలుగులో పెద్ద అక్షరాలతో మీరే కాగితం మీద రాసి ఇవ్వండి. ప్రింట్ చేసే ముందు స్క్రీన్ మీద ఒకసారి చూపించమని అడగండి.