టీవీని మానిటర్‌గా వాడితే నలుపు ముద్దకట్టడం: సమాధానం

ల్యాప్‌టాప్‌ని హెచ్‌డీఎంఐతో టీవీకి కలిపితే ఫొటోల్లో నల్లజుట్టు ఒకే ముద్దలా ఉంటోందని, మబ్బుల్లో వివరాలు పోతున్నాయని, బ్రైట్‌నెస్ పెంచినా లాభం లేదని రాశారు. ఉండదండి. మీరు చెప్పిన లక్షణాలు చూస్తే తేడా రేంజ్‌లో, అంటే నలుపు నుంచి తెలుపు దాకా వెలుగుని చెప్పే అంకెల పరిధిలో ఉన్నట్టుంది. కంప్యూటర్ నలుపుని 0గా, తెలుపుని 255గా పంపుతోంది. టీవీ మాత్రం వీడియో లెక్కలో 16ని నలుపు, 235ని తెలుపు అనుకుంటోంది. 16 కంటే తక్కువవన్నీ నలుపులో, 235 దాటినవన్నీ తెలుపులో కలిసిపోతాయి.

నిర్ధారణకి నల్లటి తెర మీద 1 నుంచి 25 దాకా అంకెలు వేసిన పట్టీలుండే బ్లాక్ లెవెల్ ప్యాటర్న్ తెరవండి. వాట్సాప్‌లో వచ్చిన బొమ్మ వద్దు, కుదింపులో పట్టీలు చెడిపోతాయి. గదిలో లైటు తగ్గించి చూడండి. 17 దగ్గర్నుంచే పట్టీలు కనిపిస్తుంటే దొంగ దొరికినట్టే.

టీవీ మెనూలో హెచ్‌డీఎంఐ బ్లాక్ లెవెల్‌నో, ఆర్‌జీబీ రేంజ్‌నో ఫుల్‌కి, అంటే 0-255కి మార్చండి (పేరు కంపెనీని బట్టి మారుతుంది). టీవీలో ఆ ఆప్షన్ లేకపోతేనే ల్యాప్‌టాప్ గ్రాఫిక్స్ సెట్టింగ్స్‌లో లిమిటెడ్, అంటే 16-235 పెట్టండి. రెండు చోట్లా మార్చారంటే నలుపు బూడిదరంగులోకి తేలిపోతుంది. ఇది అయ్యాకే బ్రైట్‌నెస్ జోలికెళ్లండి. 2, 3 అంకెల పట్టీలు లీలగా కనిపిస్తే చాలు.

అక్షరాల చుట్టూ తెల్లటి అంచు కూడా ఉంటే షార్ప్‌నెస్ తగ్గించండి. రంగుల్ని మాత్రం కలరిమీటర్ (తెర రంగుల్ని కొలిచే పరికరం) లేకుండా కంటి అంచనాతో కెలక్కండి.