నవజాత శిశువుల గుండె లోపాలకు కోడ్ వేయడం గురించి అమ్మాయికి రాసిన లేఖ

చిరంజీవి అమ్మాయికి,

పెదనాన్న ఆశీస్సులు. పుట్టుకతో వచ్చిన గుండె లోపాల చార్టులు వచ్చే నెల నుంచి నీ చేతికి రాబోతున్నాయని, ఎక్కడ మొదలుపెట్టాలో తోచడం లేదని రాశావు. నువ్వు చేస్తున్నది అమెరికా ఆసుపత్రుల పని కనుక, అక్కడ ప్రతి రోగనిర్ధారణకూ ఒక కోడ్ ఇచ్చే ఐసీడీ-10-సీఎం జాబితా నియమాలను దృష్టిలో పెట్టుకుని, నా అనుభవంలో నిలిచిన సంగతులను రాస్తున్నాను. నీకు నేను చెప్పదలచుకున్నది ప్రధానంగా ఒక్కటే. ఈ చార్టుల్లో ముందు బిడ్డ గుండె నిర్మాణాన్ని అర్థం చేసుకోవాలి, ఆ బిడ్డ పుట్టి ఎన్ని గంటలైందో చూడాలి, ఆ తరువాతే కోడ్ వెతకాలి. పెద్దవాళ్ల చార్టుల్లో లాగా జబ్బు పేరు కనబడగానే ఎన్‌కోడర్‌లో (కోడ్ వెతికే సాఫ్ట్‌వేర్‌లో) టైపు చేసే అలవాటు ఇక్కడ పనికిరాదు.

ఎందుకంటే, తల్లి గర్భంలో ఉన్నంతకాలం శిశువు ఊపిరితిత్తులు గాలి పీల్చవు కనుక, రక్తం వాటిని తప్పించుకుని పోవడానికి రెండు దారులు తెరిచి ఉంటాయి. ఒకటి రెండు కర్ణికల మధ్య ఉండే ఫొరామెన్ ఒవేల్, రెండవది పుపుస ధమనిని బృహద్ధమనితో కలిపే డక్టస్ ఆర్టీరియోసస్. నెలలు నిండి పుట్టిన బిడ్డలో డక్టస్ సాధారణంగా మొదటి రెండు మూడు రోజుల్లో పనిచేయడం మానేస్తుంది, ఫొరామెన్ ఒవేల్ పూర్తిగా మూసుకోవడానికి ఇంకా ఎక్కువ కాలం పడుతుంది. అంటే పుట్టిన మొదటి రోజున ఎకో (గుండె అల్ట్రాసౌండ్ పరీక్ష) తీస్తే, ఏ లోపమూ లేని బిడ్డలో కూడా ఈ రెండూ తెరిచే కనబడవచ్చు. ఈ ఒక్క విషయం మనసులో ఉంటే నీకు ఎదురయ్యే చిక్కుల్లో సగం వాటంతట అవే విడిపోతాయి.

ఒక చార్టును దగ్గరగా చూద్దాం. నెలలు నిండిన బిడ్డ, పుట్టిన పద్దెనిమిదవ గంటలో ఎకో తీశారు. రిపోర్టులో చిన్న పీడీఏ (డక్టస్ తెరిచే ఉండడం), పీఎఫ్ఓ (ఫొరామెన్ ఒవేల్ తెరిచే ఉండడం), పుపుస ధమని శాఖల్లో స్వల్పమైన స్టెనోసిస్ (ఇరుకు) అని మూడు మాటలున్నాయి. కొత్తగా వచ్చిన కోడర్ వెంటనే క్యూ25.0, క్యూ21.12, క్యూ25.6 అని మూడు కోడ్‌లు వేసేస్తాడు. కానీ డిశ్చార్జ్ సమ్మరీ తెరిస్తే అటెండింగ్ డాక్టర్ (బిడ్డ చికిత్స బాధ్యత చూసే డాక్టర్) గుండె విషయం ఏమీ ప్రస్తావించలేదు, మందు ఇవ్వలేదు, కార్డియాలజీ అపాయింట్‌మెంట్ పెట్టలేదు. ఆ మూడు కోడ్‌లలో ఒక్కటి కూడా నిలవదు. ఆసుపత్రిలో చేరి ఉన్న రోగి విషయంలో, పరీక్షలో కనబడిన అసాధారణత్వానికి వైద్యపరమైన ప్రాముఖ్యం ఉందని చికిత్స చేస్తున్న డాక్టర్ రాస్తే తప్ప మనం దానికి కోడ్ వేయకూడదు. ఎకోను చదివిన కార్డియాలజిస్టు కూడా డాక్టరే కదా అని నీకు అనిపించవచ్చు. అయితే ఆయన యంత్రం చూపిన చిత్రాన్ని వివరించారు, బిడ్డకు ఆ చిత్రం వల్ల ఏమవుతుందో నిర్ణయించే బాధ్యత అటెండింగ్‌ది. అదే కార్డియాలజిస్టు బిడ్డను స్వయంగా పరీక్షించి కన్సల్ట్ నోట్ రాసి ఉంటే, అటెండింగ్ మాటకు అది విరుద్ధంగా లేనంతవరకు దానిని ఆధారంగా తీసుకోవచ్చు.

నవజాత శిశువుల విషయంలో మార్గదర్శకాలు ఇంకొక మెట్టు ముందుకు వెళ్తాయి. వైద్య పరిశీలన, చికిత్స, పరీక్షలు, ఎక్కువ రోజులు ఆసుపత్రిలో ఉండవలసి రావడం, అదనపు నర్సింగ్ సేవ, ఇవి పెద్దవాళ్లకు కూడా వర్తించే ప్రమాణాలే. శిశువుకు వీటితో పాటు, భవిష్యత్తులో వైద్య అవసరాలపై ప్రభావం చూపుతుందని డాక్టర్ రాసిన స్థితిని కూడా కోడ్ చేయాలి. కనుక పైన చెప్పిన చార్టులోనే "పీడీఏ ఉంది, ఆరు వారాల తరువాత ఎకో మళ్లీ తీయాలి" అని అటెండింగ్ ఒక్క వాక్యం రాసి ఉంటే లెక్క మారిపోతుంది. ఆ వాక్యం కోసం ప్రోగ్రెస్ నోట్లన్నీ ఓపికగా చదవాలి. ఇందులో సమయం పోతుందని, ప్రొడక్టివిటీ తగ్గుతుందని భయపడకు. ఈ చార్టుల్లో వేగం కన్నా చదవడమే ముఖ్యమని నీ టీమ్ లీడ్‌కు కూడా నెమ్మదిగా చెప్పు.

పీడీఏ గురించి ఇంకొంచెం చెప్పాలి, ఎందుకంటే ఆడిట్‌లో ఎక్కువ వాదన దాని మీదే జరుగుతుంది. పీడీఏ అని వెతికితే ఇండెక్స్ (కోడ్ పుస్తకంలోని అక్షరక్రమ సూచిక) నిన్ను క్యూ25.0కు తీసుకెళ్తుంది. డక్టస్ మూసుకోవడం ఆలస్యమైందని వెతికితే పి29.38కు తీసుకెళ్తుంది. మొదటిది నిర్మాణ లోపం, రెండవది పుట్టుక సమయంలో జరగవలసిన మార్పు ఆలస్యం కావడం. నెలలు నిండకుండా పుట్టిన బిడ్డల్లో డాక్టర్లు రెండు సందర్భాల్లోనూ పీడీఏ అనే రాస్తారు కనుక, ఏది ఉద్దేశించారో నువ్వు ఊహించకూడదు, క్వెరీ (డాక్టర్‌కు రాతపూర్వక ప్రశ్న) పంపాలి. ఆ క్వెరీలో బిడ్డ ఎన్ని వారాలకు పుట్టిందో, ఎకో ఏ రోజు తీశారో, డక్టస్ మూసుకోవడానికి వాడే ఇండోమెథసిన్ లాంటి మందు ఇచ్చారో లేదో రాసి, డక్టస్ పరిస్థితిని స్పష్టపరచమని అడుగు. "ఇది ఆలస్యంగా మూసుకోవడమే కదా" అని జవాబును నువ్వే అందించే క్వెరీ నియమాలకు విరుద్ధం. దీనికి పూర్తిగా వ్యతిరేకమైన పరిస్థితి కూడా ఉంది. ఎడమ వైపు గుండె ఎదగని హెచ్ఎల్‌హెచ్ఎస్ బిడ్డలకు, శరీరానికి రక్తం అందే దారి డక్టస్ ఒక్కటే కనుక, ప్రోస్టాగ్లాండిన్ ఎక్కించి దానిని కావాలనే తెరిచి ఉంచుతారు. అక్కడ డాక్టర్ విడిగా రోగనిర్ధారణగా రాయనిదే, ఆ లోపపు కోడ్ క్యూ23.4 పక్కన క్యూ25.0ను అలవాటుగా చేర్చవద్దు.

ఇక అసలైన లోపాల సంగతి. క్యూ20 నుంచి క్యూ28 వరకు ఉన్న భాగాన్ని ఒక గుండె బొమ్మను పక్కన పెట్టుకుని, ట్యాబ్యులర్‌లో (కోడ్‌ల వరుసలో ఉండే జాబితాలో) ప్రతి కోడ్ కింద ఉన్న ఇన్‌క్లూజన్ మాటలతో (ఆ కోడ్‌లో ఇమిడే స్థితుల పేర్లతో) సహా చదువు. ఫాలో టెట్రాలజీ దీనికి మంచి పాఠం. వీఎస్‌డీ (జఠరికల మధ్య గోడలో రంధ్రం), కుడి జఠరిక నుంచి రక్తం బయటకు వెళ్లే దారి ఇరుకు కావడం, బృహద్ధమని కుడివైపుకు జరిగి ఉండడం, కుడి జఠరిక గోడ మందం కావడం అనే నాలుగూ క్యూ21.3లోనే ఉన్నాయి. వాటికి విడిగా క్యూ21.0 (వీఎస్‌డీ), క్యూ22.1 (పుపుస కవాటం ఇరుకు) వేస్తే ఒకే లోపాన్ని రెండుసార్లు లెక్కపెట్టినట్టు. పుపుస కవాటం ఏర్పడక ఆ దారి పూర్తిగా మూసుకుపోయి ఉన్నా (అట్రీషియా), అది టెట్రాలజీలో భాగంగా ఉంటే ఈ కోడ్‌లోనే ఇమిడిపోతుంది. కానీ బృహద్ధమని వంపు కుడివైపు ఉందని రాస్తే అది టెట్రాలజీలో అంతర్భాగం కాదు కనుక క్యూ25.47 విడిగా రావాలి. టెట్రాలజీతో పాటు ఏఎస్‌డీ (కర్ణికల మధ్య గోడలో రంధ్రం) ఉందని డాక్టర్ రాస్తే రెండింటికీ కోడ్ వేస్తాం, అదే డాక్టర్ పెంటాలజీ అని రాస్తే ఇండెక్స్ క్యూ21.8కు పంపుతుంది. టెట్రాలజీని, ఏఎస్‌డీని కలిపి నువ్వే పెంటాలజీగా పేరు పెట్టే అధికారం మాత్రం నీకు లేదు.

ఇదే సూత్రం లక్షణాలకూ వర్తిస్తుంది. ధమనులు తారుమారైన బిడ్డ నీలంగా మారడం ఆ లోపంలో సహజంగా ఉండేదే, దానికి వేరే కోడ్ అక్కరలేదు. పెద్ద వీఎస్‌డీ ఉన్న బిడ్డకు గుండె వైఫల్యం వచ్చిందని రాస్తే అది ప్రతి వీఎస్‌డీలోనూ వచ్చేది కాదు కనుక విడిగా వేయాలి, అయితే నవజాత శిశువుకు అది పి29.0 అవుతుంది తప్ప మామూలు గుండె వైఫల్యపు కోడ్ ఐ50 కాదు.

ఒక్క అక్షరం తేడాతో కోడ్ మారిపోయే చోటు కూడా చూపిస్తాను. టీజీఏ అంటే గుండె నుంచి బయలుదేరే రెండు పెద్ద ధమనులు తారుమారు కావడం. అందులో డి-టీజీఏ అంటే క్యూ20.3, ఎల్-టీజీఏ అంటే క్యూ20.5. మొదటిది పుట్టిన కొద్ది రోజుల్లోనే శస్త్రచికిత్స అవసరమయ్యే ప్రాణాంతక స్థితి, రెండవది జఠరికలు కూడా తారుమారు కావడం వల్ల రక్త ప్రవాహం సరిపోయి కొందరిలో ఏళ్ల తరబడి బయటపడని స్థితి. నోట్‌లో టీజీఏ అని మాత్రమే ఉంటే ఎకో వివరణ, ఆపరేషన్ ప్రణాళిక చూసి, అప్పటికీ తేలకపోతే అడుగు.

ఏఎస్‌డీల విషయంలో పాత నోట్సును నమ్మవద్దు. 2022 అక్టోబర్ 1 నుంచి క్యూ21.1ను విడదీసి, సెకండమ్ రకానికి క్యూ21.11, పీఎఫ్ఓకు క్యూ21.12, సైనస్ వీనోసస్ రకాలకు వేరువేరు కోడ్‌లు ఇచ్చారు. అదే రోజున ఏవీ కెనాల్ (కర్ణికలు, జఠరికలు కలిసే మధ్య భాగపు) లోపాలను కూడా పాక్షికం, ట్రాన్సిషనల్, సంపూర్ణం అని విడదీశారు. ఆస్టియమ్ ప్రైమమ్ పేరుకు ఏఎస్‌డీ అయినా ఏవీ కెనాల్ లోపాల క్యూ21.2 కుటుంబానికి చెందుతుందని గుర్తుంచుకో. ఎకోలో రకం స్పష్టంగా ఉండి, డాక్టర్ ఏఎస్‌డీ అని నిర్ధారించినప్పుడు కూడా నిర్దిష్టం కాని క్యూ21.10 వేసి వదిలేయడం నాకు నచ్చదు. రకం తెలుసుకోవడానికి ఒక్క క్వెరీ చాలు, ఆ బిడ్డ రికార్డు ఆ వివరంతోనే ఏళ్ల తరబడి వెంట వస్తుంది.

కోడ్‌ల వరుస గురించి పెద్దగా చెప్పవలసింది లేదు. బిడ్డ పుట్టిన ఆసుపత్రిలో, ఆ ప్రసవపు అడ్మిషన్‌లో మాత్రమే, బిడ్డ పుట్టుకను తెలిపే జడ్38 కోడ్ మొదటి స్థానంలో వస్తుంది, గుండె లోపం ఎంత తీవ్రమైనదైనా దాని తరువాతే. బిడ్డను గుండె శస్త్రచికిత్స చేసే మరో ఆసుపత్రికి పంపితే, అక్కడ జడ్38 ఉండకూడదు, ఆ లోపమే ప్రిన్సిపల్ డయాగ్నసిస్ (ప్రధాన రోగనిర్ధారణ) అవుతుంది. గర్భస్థ శిశువు లోపానికి సంబంధించి తల్లి చార్టులో ఉండే ఓ35 కోడ్‌ను బిడ్డ చార్టులోకి తీసుకురాకూడదు. ప్రెజెంట్ ఆన్ అడ్మిషన్ సూచిక (ఆసుపత్రిలో చేరేనాటికే ఆ స్థితి ఉందా అని తెలిపే గుర్తు) క్యూ కోడ్‌లకు అవసరం లేదు, పి కోడ్‌ల దగ్గర మాత్రం మరిచిపోవద్దు.

అనుమానించి, పరీక్షించి, లోపం లేదని తేల్చిన బిడ్డల విషయంలో మాత్రం జాగ్రత్తగా ఉండు. గర్భంలో ఉండగా తీసిన స్కాన్‌లో అనుమానం వచ్చి, పుట్టిన తరువాత ఏ లక్షణమూ లేని బిడ్డకు ఎకో తీసి గుండె బాగానే ఉందని రాస్తే, జడ్05.0 సరైనది. అదే బిడ్డలో మర్మర్ (గుండె చప్పుడులో అదనపు శబ్దం) వినబడినందువల్ల ఎకో తీసి ఉంటే, అక్కడ ఒక లక్షణం ఉన్నట్టే కనుక జడ్05 చెల్లదు. నవజాత శిశువు మర్మర్ కోసం మామూలు మర్మర్ల కేటగిరీ ఆర్01కు వెళ్లకు, ఆ కేటగిరీ కింద ఉన్న ఎక్స్‌క్లూడ్స్1 (ఇక్కడ ఏవి కోడ్ చేయకూడదో చెప్పే సూచన) నిన్ను పి29.8కు పంపుతుంది. పల్స్ ఆక్సిమెట్రీ స్క్రీనింగ్‌లో విఫలమై, తరువాత ఎకోలో ఏమీ దొరకకపోతే పి09.5 ఉంది. తీవ్రమైన గుండె లోపాలకు ఈ స్క్రీనింగ్‌ను 2011లో అమెరికా జాతీయ సిఫారసు జాబితాలో చేర్చారు కనుక, ఇలాంటి చార్టులు నీకు తరచుగానే వస్తాయి. డిశ్చార్జ్ నాటికి కూడా "కోఆర్క్‌టేషన్ (బృహద్ధమని ఇరుకు) ఉండే అవకాశం ఉంది, డక్టస్ మూసుకున్నాక తేల్చాలి" అని మిగిలిపోతే, ఇన్‌పేషెంట్ నియమం ప్రకారం అది ఉన్నట్టుగానే క్యూ25.1 వేయాలి. అదే మాట ఔట్‌పేషెంట్ క్లినిక్ నోట్‌లో ఉంటే వేయకూడదు.

డాక్టర్ల బిల్లింగ్ వైపు పని నీకు ఇస్తే, పుట్టుకతో వచ్చిన లోపాల ఎకోకు 93303, 93304 అనే కోడ్‌లు వేరుగా ఉన్నాయని, 28 రోజులు లేదా అంతకన్నా తక్కువ వయసున్న బిడ్డ క్రిటికల్ కేర్ మొదటి రోజుకు 99468, తరువాతి రోజులకు 99469 వస్తాయని తెలిసి ఉంటే మొదటికి చాలు. నాలుగు కిలోల లోపు బిడ్డకు చేసిన శస్త్రచికిత్సకు మాడిఫయర్ 63 (కోడ్‌కు జోడించే అదనపు గుర్తు) ఉంది, కానీ హెచ్ఎల్‌హెచ్ఎస్ బిడ్డలకు చేసే నార్వుడ్ ఆపరేషన్ 33619 లాంటి కొన్ని కోడ్‌లలో ఆ కష్టాన్ని ముందే లెక్కలోకి తీసుకున్నారు కనుక వాటికి దానిని జోడించరాదు. ఆసుపత్రి వైపు ఆపరేషన్ల కోడ్ జాబితా అయిన పీసీఎస్‌లో సర్జన్ల పేర్లతో కోడ్‌లు ఉండవు, కనుక ఆపరేషన్ నోట్‌లో బ్లాలాక్–టాసిగ్ షంట్ (రక్తానికి వేసే కొత్త దారి) అని కనబడితే ఆ పేరు దగ్గర ఆగకుండా ఏ ధమని నుంచి ఏ ధమనికి, దేనితో దారి వేశారో చదివి ఆ ప్రకారం కోడ్‌ను నిర్మించుకోవాలి.

చివరగా, ఆపరేషన్ అయిన బిడ్డ మళ్లీ వచ్చినప్పుడు ఏమి చేయాలో అడిగావు. లోపాన్ని పూర్తిగా సరిచేశారని డాక్టర్ రాస్తే క్యూ కోడ్ ఆగిపోయి, సరిచేసిన గుండె లోపపు చరిత్రను తెలిపే జడ్87.74 వస్తుంది. షంట్, నార్వుడ్, గ్లెన్ లాంటివి ఉపశమన శస్త్రచికిత్సలే తప్ప సంపూర్ణమైన సవరణలు కావు కనుక, వాటి తరువాత కూడా అసలు లోపపు క్యూ కోడ్ కొనసాగుతుంది, బిడ్డ పెరిగి పెద్దవాడైనా సరే. వీఎస్‌డీ మూసిన తరువాత కూడా కొంత రంధ్రం మిగిలిందని రాస్తే దానిని చరిత్రలోకి నెట్టవద్దు, మిగిలినది అసలు లోపమా, ప్యాచ్ వదులైందా అని అడిగి తెలుసుకో. నీ మొదటి పది చార్టుల్లో సందేహం వచ్చినవాటిని, రోగి వివరాలేవీ లేకుండా ప్రశ్న మాత్రమే రాసి నాకు పంపు, ఆదివారం కూర్చుని ఒక్కొక్కటిగా చూద్దాం.

ఆశీస్సులతో,
నీ పెదనాన్న