ఎమ్మెల్యే అయితే నల్లకోటు విప్పేయాలా?

అమలాపురంలో ఎనిమిదేళ్లుగా సివిల్ ప్రాక్టీసు చేస్తున్నానని, వచ్చే ఎన్నికల్లో నిలబడాలని ఉందని, గెలిస్తే సనదు (లాయరుగా పనిచేసే అనుమతి పత్రం) వెనక్కి ఇచ్చేయాలా అని అడిగారు.

అక్కర్లేదండి. పూర్తికాలం జీతానికి పనిచేసేవాళ్లు ప్రాక్టీసు చేయకూడదని, లాయర్లను నియంత్రించే బార్ కౌన్సిల్ పెట్టిన 49వ నియమం. ఎమ్మెల్యేలు, ఎంపీలు జీతం తీసుకున్నా ఎవరికీ ఉద్యోగులు కారు కాబట్టి ఆ నియమం వాళ్లకు తగలదని 2018 సెప్టెంబరు 25న అశ్వినీ కుమార్ ఉపాధ్యాయ్ కేసులో సుప్రీంకోర్టు తేల్చేసింది. జడ్జీ ఉద్యోగం అలా కాదు. మన కోనసీమ బిడ్డ జి.ఎం.సి. బాలయోగి గారు కాకినాడలో లాయరుగా మొదలై, ఫస్ట్ క్లాస్ మేజిస్ట్రేటుగా ఎంపికై, ఆ ఉద్యోగం వదులుకున్నాకే 1987లో జిల్లా పరిషత్ చైర్మన్ అయ్యారు. తర్వాత ముమ్మిడివరం ఎమ్మెల్యే, రాష్ట్ర మంత్రి, 1998లో లోక్‌సభ స్పీకరు. మీకూ మంత్రి పదవి వస్తే మాత్రం ప్రాక్టీసు ఆపేసి బార్ కౌన్సిల్‌కు రాసిచ్చేయండి.

అసలు చిక్కు గెలవకముందే ఉంటుంది. మీరు ఏజీపీగా (ప్రభుత్వం తరఫున వాదించే సహాయ ప్లీడరుగా) గానీ, ఏదైనా ప్రభుత్వ సంస్థ ప్యానెల్‌లో గానీ ఉన్నారా? రైల్వే ప్యానెల్ లాయరుది లాభదాయక పదవేనని (అలాంటి పదవిలో ఉంటే పోటీకి అనర్హులు) సుప్రీంకోర్టు ఒక కేసులో అంది. ఒక్క కేసు కోసం నియమించిన స్పెషల్ జీపీది (ప్రత్యేక ప్రభుత్వ ప్లీడరుది) కాదని ఇంకో కేసులో అంది. ఆ గీత మీద నిలబడి వాదించుకునే కన్నా స్క్రూటినీ (నామినేషన్ల పరిశీలన) నాటికి రాజీనామా ఆమోదించిన ఉత్తర్వు చేతిలో ఉంచుకోవడం మేలు. నామినేషన్‌తో ఇచ్చే ఫారం 26 అఫిడవిట్‌లో (ఆస్తులు, కేసుల వివరాల ప్రమాణపత్రంలో) ఏ గడీ ఖాళీగా వదలొద్దు, లేనిచోట ‘లేదు’ అనే రాయాలి. ధర్నాల్లో మీ మీద పెట్టిన పాత కేసులు లాయర్లే ఎక్కువ మర్చిపోతారు. స్టేషన్ల వారీగా కనుక్కోండి. నామినేషన్ వేశాక చేసే ప్రమాణం స్క్రూటినీ ముందు రోజుకల్లా అయిపోవాలి.

గెలిచాక ప్రాక్టీసును దెబ్బతీసేది చట్టం కాదు, వాయిదాల డైరీ. వెలగపూడిలో సభ నడుస్తుండగా అమలాపురంలో చీఫ్, క్రాస్ (సాక్షుల విచారణ, ఎదురు ప్రశ్నలు) కుదరవు. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 17 ప్రకారం విచారణలో ఒక పక్షానికి మూడుకు మించి వాయిదాలు ఇవ్వకూడదు. లాయరు వేరే కోర్టులో ఉన్నాడన్నది కూడా వాయిదాకు కారణం కాదని అదే రూలు చెబుతుంది. మరి అసెంబ్లీలో ఉన్నాడంటే జడ్జిగారు దయతలచాలంతే. సాక్షిని పెట్టాల్సిన రోజున లాయరు లేకపోతే వాది దావా డిఫాల్టు కింద (హాజరు కాలేదని) పోతుంది, ప్రతివాదైతే ఎక్స్‌పార్టీ డిక్రీ (ఏకపక్ష తీర్పు) అవుతుంది. దాన్ని రద్దు చేయించుకోడానికి 30 రోజులే గడువు. ఆలస్యమైతే దాన్ని మన్నించమని కండోనేషన్ పిటిషన్, దాని మీద ఖర్చులు, అవన్నీ కక్షిదారుడి నెత్తిన. గుమాస్తా ఒక్కడే దీన్ని ఆపలేడండి.

అందుకే నామినేషన్‌కు ఆరు నెలల ముందే, ఐదారేళ్ల అనుభవమున్న ఒకరి పేరు ప్రతి ఫైల్లోనూ వకాలత్‌లో (కక్షిదారు తరఫున వాదించే అధికార పత్రంలో) చేర్పించండి. కక్షిదారుణ్ణి పిలిచి, ఆయన ఎదుటే ఫీజు లెక్క తేల్చి, సంతకం తీసుకోండి. అలా కుదరదన్నవాళ్లకు ఫైలు తిరిగిచ్చేసి, కోర్టు అనుమతితో వకాలత్ నుంచి తప్పుకోండి. వకాలత్ ఊరికే వదిలేస్తే పోదు, కోర్టు రికార్డులో మీ పేరే ఉంటుంది. కొత్త దావాలు తగ్గించి, చాంబర్లో కూర్చుని చేసే ఒపీనియన్లు, డ్రాఫ్టింగు, అప్పీలు గ్రౌండ్లు మీ దగ్గరుంచుకోండి.

మన ప్రాంతంలో తప్పకుండా వద్దనాల్సిన కేసులు లంక భూములవి (గోదావరి పాయల మధ్య దిబ్బలవి). ఒక రైతుకు డి-పట్టా (ప్రభుత్వ భూమిని పేదలకిచ్చే పట్టా) ఇప్పించమని ఎమ్మెల్యేగా తహసీల్దారుకు మీరే లెటరు రాస్తారు. రెండేళ్ల తర్వాత ఆ భూమి అమ్మారని, అలాంటి భూముల అమ్మకాన్ని నిషేధించే 1977 అసైన్డ్ భూముల చట్టం కింద కేసొస్తుంది. మీ లెటరు ఎగ్జిబిట్ (కోర్టులో సాక్ష్యపత్రం) అవుతుంది, మిమ్మల్ని సాక్షిగా పిలుస్తారు. సాక్షిగా రావాల్సి వస్తుందని తెలిసిన కేసులో లాయరు హాజరు కాకూడదని బార్ కౌన్సిల్ 13వ నియమం. ఆక్వా చెరువు నీళ్లు మురుగు కాలువలోకి వదిలారని వరి రైతు వేసే కేసూ అంతే: కాలువ బాగు చేయించమని మీ దగ్గరకొచ్చేదీ ఆ ఇద్దరే. ఎవరి పక్షాన వకాలత్ వేసినా రెండోవాడు మీ ఆఫీసు గుమ్మం ఎక్కడు. కౌలు తగాదాలు కూడా వదిలేయడమే మంచిదని నా గట్టి అభిప్రాయం. ప్రామిసరీ నోటు దావాలు, కుటుంబాల భాగపంపిణీ దావాలు చేసుకోవచ్చు, బంధువులవి కాకుండా ఉంటే చాలు.

ఇంకొకటి, 36వ నియమం. లాయరు బోర్డు మీదా లెటర్‌హెడ్ మీదా ఫలానా సంస్థకు, ఫలానా వ్యక్తికి చెందినవాడినని రాసుకోకూడదు. ఎమ్మెల్యే లెటర్‌హెడ్ వేరు, వకీలు లెటర్‌హెడ్ వేరు కొట్టించుకోండి. గెలిచిన మర్నాడు కోర్టు గేటు పక్కన కార్యకర్తలు కట్టే ‘ఎమ్మెల్యే, అడ్వొకేట్’ ఫ్లెక్సీని ఆ సాయంత్రమే దింపించండి.