కెవిన్ పేరులో ‘జన్మ’ ఎక్కడుంది?

పేర్ల పుట్టుపూర్వోత్తరాల మీద వచ్చిన ఉత్తరాల్లో ఈసారి కెవిన్ అనే ఐరిష్ పేరు గురించినవే ఎక్కువ. అందుకని ఈ సంచికలో జవాబులన్నీ ఆ ఒక్క పేరుకే ఇస్తున్నాం.

ప్రశ్న: కెవిన్ అంటే ఒక పేర్ల పుస్తకంలో ‘అందగాడు’ అనీ, మరోదాంట్లో ‘దయగలవాడు’ అనీ, ఇంకోదాంట్లో ‘చిన్ని సౌమ్యుడు’ అనీ ఉంది. ఏది సరైనది?

జవాబు: మొదటి రెండూ సగం సగం నిజం. మూడోది తప్పు. ఆ తప్పు ఎలా వచ్చిందో తెలిస్తే పేరు నిర్మాణం మొత్తం బోధపడుతుంది.

ఈ పేరుకు ప్రాచీన ఐరిష్ రాతలో కనిపించే రూపం ‘కోయెమ్‌గెన్’. ఇది రెండు మాటల సమాసం. మొదటి మాట ‘కోయెమ్’కు ప్రియమైన, సౌమ్యమైన, చూడచక్కని అన్న అర్థాలన్నీ ఉన్నాయి. ఒక పుస్తకం వీటిలో అందాన్ని పట్టుకుంది, మరొకటి మంచితనాన్ని పట్టుకుంది. తెలుగులో ఈ రెంటినీ కలిపి చెప్పగల మాట ‘ముద్దు’. ముద్దుబిడ్డ అంటే ప్రేమా ఉంది, ముద్దుగా ఉన్నాడంటే అందమూ ఉంది. ఐరిష్‌కు చుట్టమైన వెల్ష్ భాషలో ఇదే మాట అరిగిపోయి ‘కీ’ అయింది. దక్షిణ వేల్స్‌లో అమ్మమ్మనైనా నాయనమ్మనైనా ‘మమ్‌గీ’ అంటారు. అంటే ముద్దుల అమ్మ అని.

రెండో మాట ‘గెన్’. అంటే పుట్టుక. తెలుగు పాఠకులకు ఇది కొత్త మాట కాదు. మనం సంస్కృతం నుంచి తెచ్చుకున్న జననం, జన్మ, జనకుడు అన్న మాటల్లోని ‘జన్’ ధాతువు, ఐరిష్ ‘గెన్’, గ్రీకు ‘గెనోస్’, లాటిన్ ‘గెనుస్’ అన్నీ ఒకే ఇండో-యూరోపియన్ వేరు నుంచి వచ్చినవి. పాత ‘గ’ వంటి ధ్వని సంస్కృతం వైపు ‘జ’గా మారింది, పడమటి భాషల్లో ‘గ’గానే నిలిచింది. అంతమాత్రాన కెవిన్ సంస్కృత పదం అనకండి. ఒక భాష రెండోదాని దగ్గర తీసుకున్నది ఇక్కడ ఏమీ లేదు, రెండూ ఒకే మూలం నుంచి వేర్వేరుగా వచ్చాయి. కాబట్టి కెవిన్ అంటే ‘ముద్దుగా పుట్టినవాడు’, కాస్త గ్రాంథికంగా చెప్పాలంటే ‘ప్రియజన్ముడు’.

ఇక ‘చిన్ని సౌమ్యుడు’ సంగతి. నేటి ఐరిష్‌లో ఈ పేరు ‘ఈన్’ అని ముగుస్తుంది. ఆ భాషలో ‘ఈన్’ అనే ప్రత్యయం చిన్నదనాన్ని చెబుతుంది. బోహర్ అంటే రోడ్డు, బోహ్రీన్ అంటే పల్లెల్లోని సన్నదారి. అది చూసి కెవిన్‌లోని చివరి ముక్క కూడా అదే ప్రత్యయం అనుకున్నారు. కానీ ఇక్కడున్నది ‘గెన్’ అరిగి మిగిలిన తునక. ‘కోయెమ్’కు నిజంగా చిన్నదనాన్ని చేర్చిన పేరు వేరే ఉంది, అది కీవాన్. కవానా అనే ఇంటిపేరు దాని నుంచే వచ్చింది. 12వ శతాబ్దంలో ఐర్లండ్ తూర్పు భాగమైన లెన్‌స్టర్‌కు రాజైన డర్మట్ మాక్‌మరో కొడుకు డోనల్, కీవాన్ అనే సాధువు పేరిట వెలసిన చర్చి దగ్గర పెరిగాడు. అందుకని అతనికి ‘కవానా’ అన్న బిరుదు వచ్చింది. కెవిన్, కవానా ఒకే పేరు అని రాసే పుస్తకాలను ఈ విషయంలో నమ్మకండి.

ప్రశ్న: ఐరిష్ స్పెల్లింగ్‌లో ‘వి’ అక్షరమే లేదు. మరి ‘వ’ ఎలా పలుకుతారు?

జవాబు: నేటి ఐరిష్ స్పెల్లింగ్ సి, ఏ, ఓ, ఐ, ఎమ్, హెచ్, దీర్ఘం పెట్టిన ఐ, ఎన్. ఇంగ్లిష్ అలవాటుతో చదివితే ‘కావోయిమ్‌హిన్’ అని నాలుక మడతపడుతుంది. అలా కాదు, మూడు ముక్కలుగా విడగొట్టండి. ఏ-ఓ-ఐ మూడూ కలిసి ఒకే అచ్చు, ‘ఈ’. ఎమ్-హెచ్ రెండూ కలిసి ‘వ’. చివర దీర్ఘంతో ‘ఈన్’. మొత్తం ‘కీవీన్’. దక్షిణాన మన్‌స్టర్ ప్రాంతంలో ‘క్వీవీన్’ అంటారు, ఊనిక కూడా రెండో అక్షరం మీదికి జరుగుతుంది.

ఎమ్ పక్కన హెచ్ పెడితే ‘వ’ ఎందుకవుతుందన్నది ఈ భాషలో చాలా అందమైన విషయం. తెలుగు వ్యాకరణం చదివినవారికి గసడదవాదేశం గుర్తుండే ఉంటుంది. ‘వారు పోరు’ అన్నది ‘వారు వోరు’ అవుతుంది, ‘వాడు కొట్టె’ అన్నది ‘వాడు గొట్టె’ అవుతుంది. పక్కనున్న అచ్చు వల్ల హల్లు మెత్తబడుతుంది. ఐరిష్‌లోనూ జరిగింది ఇలాంటిదే, ఇంకా విస్తారంగా జరిగింది. అచ్చుల మధ్య పడ్డ ‘మ’ సడలి, మొదట ముక్కుతో పలికే ‘వ’గా, తర్వాత మామూలు ‘వ’గా మారింది. గ్రామం అన్న మాట హిందీలో గావ్ కావడం కూడా ఈ దారిలోనే. పాత గేలిక్ (ఐరిష్) లిపిలో ఇలా మెత్తబడ్డ హల్లు మీద ఒక చుక్క పెట్టేవారు. రోమన్ అక్షరాలు వాడకంలోకి వచ్చాక చుక్క స్థానంలో హెచ్ వచ్చింది. అంటే ఇక్కడ హెచ్‌కు సొంత ధ్వని లేదు, ముందున్న అక్షరం మెత్తబడిందని చెప్పే గుర్తు మాత్రమే.

‘గెన్’లోని ‘గ’కు కూడా ఇదే గతి పట్టింది. అది మెత్తబడి, చివరికి వినబడకుండా పోయింది. అయినా రాతలో చాలాకాలం జీ-హెచ్‌గా మిగిలింది. 1958లో ప్రకటించిన ప్రామాణిక రాత పద్ధతి కాలానికి ఇలాంటి మూగ అక్షరాలను తగ్గించారు. పొడుగు స్పెల్లింగ్‌ను ఇష్టంగా నిలుపుకున్నవారు ఇప్పటికీ ఉన్నారు. పేరులో ‘పుట్టుక’ కంటికి కనబడేది ఆ పాత రాతలోనే కాబట్టి మా మొగ్గు కూడా దానివైపే.

ఇంకో చిన్న చిక్కు. మనం రాముణ్ని పిలిచేటప్పుడు ‘రామా’ అన్నట్టు ఐరిష్‌లోనూ సంబోధనకు పేరు మారుతుంది, కాకపోతే మార్పు పేరు మొదట్లో వస్తుంది. కీవీన్‌ను పిలవాలంటే ‘అ ఖీవీన్’ అంటారు. ఆ ‘ఖ’ను ఉర్దూ ‘ఖుదా’లో లాగా గొంతులోంచి ఒరుసుకుంటూ పలకాలి. శుభాకాంక్షల కార్డు మీద ఈ రూపం చూసి అదే అసలు పేరనుకుని నమోదు పత్రంలో రాసేవారున్నారు. నమోదుకు ఎప్పుడూ సి తర్వాత హెచ్ లేని రూపమే రాయాలి.

ప్రశ్న: ఈ పేరుతో ప్రసిద్ధుడైన సాధువు నిజంగా 120 ఏళ్లు బతికాడా?

జవాబు: ఆ లెక్క సంప్రదాయానిది, చరిత్రది కాదు. ప్రాచీన ఐరిష్ వార్షిక వృత్తాంతాలు కెవిన్ మరణాన్ని 618 ప్రాంతంలో చెబుతాయి. ఆయన 120 ఏళ్లు జీవించాడన్న నమ్మకాన్ని అందులోంచి తీసేసి పుట్టిన ఏడాది 498 అని రాశారు. పుస్తకాల్లో 498 కనబడితే అది వెనక్కి లెక్కగట్టిన అంకె అని గుర్తుంచుకోండి.

ఆయన స్థాపించిన మఠం విక్లో కౌంటీలోని గ్లెండలాక్‌లో ఉంది. ‘రెండు సరస్సుల లోయ’ అని ఆ ఊరి పేరుకు అర్థం. పేరుకు తగ్గట్టే అక్కడ పై సరస్సు, కింది సరస్సు ఉన్నాయి. దాదాపు 30 మీటర్ల ఎత్తున గుండ్రటి రాతి గోపురం కనబడుతుంది, కానీ అది ఆయన కాలానిది కాదు, ఆ తర్వాతి శతాబ్దాల కట్టడం. దాని తలుపు నేలకు మూడు మీటర్ల పైన ఉంటుంది. పై సరస్సు ఒడ్డున కొండ చరియలో తొలిచిన ఇరుకు గుహను ‘కెవిన్ పడక’ అంటారు. మనిషి అందులో పడుకోవచ్చుగానీ నిలబడలేడు.

సాధువు జీవితచరిత్రల ప్రకారం తండ్రి పేరు కోయెమ్‌లుగ్, తల్లి కోయెమెల్, తమ్ముడు కోయెమాన్. ఇంటిల్లిపాదికీ పేరు ‘కోయెమ్’తోనే మొదలు. తరతరాలకూ ఒకే మొదటి ముక్కతో పేర్లు పెట్టుకోవడం మనకూ తెలిసిన ముచ్చటే. ఇది నిజమైన వంశక్రమమో, కథకుల అల్లికో తేల్చలేకపోయినా, ఆ ముక్కకు ‘ప్రియమైన’ అన్న అర్థం అప్పటివారికి స్పష్టంగా వినబడేదని మాత్రం దీనివల్ల తెలుస్తుంది.

ఆయన పేరు చెప్పగానే ఐర్లండ్‌లో గుర్తొచ్చే కథను 12వ శతాబ్దంలో వేల్స్‌కు చెందిన గెరాల్డ్ అనే మతాధికారి లాటిన్‌లో రాశాడు. కెవిన్ చిన్న కుటీరంలో ఉండి, కిటికీలోంచి చెయ్యి చాపి ప్రార్థిస్తుంటే ఒక బ్లాక్‌బర్డ్ ఆ అరచేతిలో గూడు కట్టి గుడ్లు పెట్టింది. పిల్లలయ్యేదాకా ఆయన చెయ్యి కదపలేదు. ఆ నల్లపిట్ట గుడ్లు పొదగడానికే సుమారు రెండు వారాలు పడుతుంది. ‘సౌమ్యంగా పుట్టినవాడు’ అన్న పేరుకు ఇంతకంటే దగ్గరి కథ ఉండదు.

పండుగ రోజు జూన్ 3. జనం శతాబ్దాలుగా సెయింట్ అంటూ వచ్చినా, ఆ ఆరాధనకు రోమ్ ఆమోదముద్ర పడింది 1903లో, పదో పయస్ పోప్ కాలంలో.

ప్రశ్న: అంత పాత పేరు 20వ శతాబ్దంలోనే ఎందుకు వ్యాపించింది? సినిమా వల్లనేనా?

జవాబు: మధ్యయుగ ఐర్లండ్‌లో పెద్ద సాధువుల పేర్లను నేరుగా పెట్టుకోవడానికి జంకేవారు. ముందు ‘గిల్లా’ అని చేర్చేవారు, అంటే సేవకుడు, దాసుడు. సెయింట్ పాట్రిక్ భక్తుడు గిల్లా ఫాడ్రిగ్ అవుతాడు, మనం రామదాసు అన్నట్టే. ఫిట్జ్‌పాట్రిక్ ఇంటిపేరు అందులోంచి వచ్చింది. ఆ తర్వాత ఇంగ్లిష్ పాలనలో ఐరిష్ పేర్లు వెనక్కి తగ్గాయి.

1893లో ఐరిష్ భాషను నిలబెట్టే సంఘం గేలిక్ లీగ్ మొదలయ్యాక సొంత పేర్ల మీద అభిమానం తిరిగొచ్చింది. 1920 నవంబర్ 1న డబ్లిన్‌లోని మౌంట్‌జాయ్ జైలులో స్వాతంత్ర్య పోరాటంలో పట్టుబడ్డ 18 ఏళ్ల వైద్య విద్యార్థి కెవిన్ బారీని బ్రిటిష్ ప్రభుత్వం ఉరితీసింది. ఆ కుర్రవాడి పేరు దేశమంతటి నోట్లో పడింది. అమెరికాలో 1960లలో కెవిన్ మొదటి 20 మగపిల్లల పేర్లలో ఒకటి.

జర్మనీలో ఈ పేరును చాలామందికి వినిపించినవాడు ఇంగ్లండ్ ఫుట్‌బాల్ ఆటగాడు కెవిన్ కీగన్. 1977 నుంచి 1980 దాకా హాంబర్గ్ జట్టుకు ఆడాడు. 1978, 1979లో యూరప్ ఉత్తమ ఆటగాడు. కెవిన్ అనే పిల్లవాడు కథానాయకుడైన ‘హోమ్ అలోన్’ సినిమా 1990 చివర్లో వచ్చింది, మరుసటి ఏడాది 1991లో జర్మనీలో కెవిన్‌దే మొదటి స్థానం. సినిమా ఊపునిచ్చిన మాట నిజమే. కానీ ఫ్రాన్స్‌లో అంతకుముందే ఆ పేరు పైవరుసకు చేరింది. 1803 నాటి చట్టం పేర్లను క్యాలెండర్‌లోని సాధువులకూ, ప్రాచీన చరిత్రలోని వ్యక్తులకూ పరిమితం చేసింది. 1966లో ఆ నిబంధన సడలింది, 1993లో పూర్తిగా పోయింది. విదేశీ పేర్లకు దారి అలా తెరుచుకుంది. కాబట్టి సినిమా ఒక్కటే కారణమంటే ఒప్పుకోలేం.

దీనికి ఒక బాధాకరమైన కొసరు ఉంది. జర్మనీలో ఈ పేరు శ్రామిక కుటుంబాలదిగా ముద్రపడింది. ఓల్డెన్‌బుర్గ్ విశ్వవిద్యాలయంలో 2009లో వెలువడ్డ ఒక అధ్యయనం, కొందరు టీచర్లు పేరు వినగానే పిల్లవాడు అల్లరివాడని అనుకుంటున్నట్టు చూపింది. కెవిన్ అన్నది పేరు కాదు, రోగనిర్ధారణ అని ఒక టీచర్ రాసిన మాట అక్కడ సామెతలా తిరిగింది. పిల్లవాణ్ని చూడకముందే అతని మీద వేసిన తీర్పు ఇది. తప్పు పేరులో లేదు, వర్గాన్ని బట్టి మనుషుల్ని కొలిచే చూపులో ఉంది.

ప్రశ్న: ఐరిష్ రూపంలో పేరు పెడితే కాగితాల్లో ఇబ్బందులేమిటి?

జవాబు: ప్రధానమైన ఇబ్బంది ‘ఫాదా’తో. అక్షరం మీద వాలుగా పెట్టే ఆ గీత పేరుకు అర్థమే ‘దీర్ఘం’. అది పడిపోతే కీవీన్ కాస్తా కీవిన్ అవుతుంది. పాత కంప్యూటర్లు కొన్ని ఆ అక్షరాన్ని ప్రశ్నార్థకంగా మార్చేస్తాయి, కొన్ని అసలు మింగేస్తాయి. ఐర్లండ్‌లో 2021లో సవరించిన అధికార భాషల చట్టంలో, ప్రభుత్వ సంస్థలు పేర్లలోని ఫాదాను సరిగ్గా నమోదు చేయాలన్న నిబంధన చేర్చారు.

అక్కడ పుట్టిన బిడ్డను 3 నెలల్లోపు నమోదు చేయించాలి. సంతకం పెట్టేముందు తెర మీద గానీ అచ్చులో గానీ ఫాదా ఉందో లేదో కళ్లారా చూసుకోండి. పాస్‌పోర్టు కింద యంత్రం చదివే రెండు వరుసల్లో ఫాదా ఉండదు. అది పొరపాటు కాదు, ఆ వరుసల్లో మామూలు రోమన్ అక్షరాలే పడతాయి. విమాన టికెట్‌కు ఆ వరుసలోని స్పెల్లింగే వాడితే గొడవ ఉండదు. ఫోన్‌లో ఐ అక్షరాన్ని నొక్కిపట్టుకుంటే దీర్ఘం ఉన్న రూపం పైకొస్తుంది. ఐరిష్ కీబోర్డు అమరికలో కుడివైపు ఆల్ట్ కీతో పాటు ఐ నొక్కాలి.

ప్రశ్న: ఆడపిల్లకు ఇదే అర్థంతో పేరుందా? తెలుగులో కెవిన్ అని రాయాలా, కీవీన్ అనా?

జవాబు: ఉంది. ‘కీవా’, కొన్నిచోట్ల ‘క్వీవా’. ఐరిష్‌లో దీని స్పెల్లింగ్ చివర రోమన్ ‘ఇ’ (e) అక్షరం వస్తుంది, ‘ఈన్’ ఉండదు. అర్థం సౌమ్యత, సొగసు, కానీ ఇందులో ‘జన్మ’ లేదు. ఓకీఫ్ అనే ఇంటిపేరు కూడా ఈ మొదటి ముక్క నుంచి వచ్చిందే.

తెలుగు రాత సంగతి, ఆ మనిషి తన పేరు ఎలా పలుకుతాడో అలాగే రాయండి. ఇంగ్లిష్ రూపం వాడేవారికి కెవిన్, ఐరిష్ రూపం వాడేవారికి కీవీన్. ‘కెవీన్’ మాత్రం రెండింటికీ చెందదు.