బాక్స్ దగ్గర మైనస్ 9, ఇంట్లో మైనస్ 29: నష్టం ఎక్కడ?

అన్నా, దేవరకొండ దగ్గర మీ ఫైబర్ ఇంటర్నెట్ కస్టమర్ ఇంట్లో మోడెమ్ మీద ఎర్ర లైటు మెరుస్తోందని, బాక్స్‌లోని స్ప్లిటర్‌లోకి (ఒక వైరులోని వెలుగును చాలా ఇళ్లకు పంచేది) మైనస్ 9 వెలుగు బలం వస్తుంటే ఇంట్లో మీటర్ మైనస్ 29 చూపిస్తోందని రాశారు. ముందు మీటర్ 1490 నానోమీటర్ల మీద, అంటే ఇంటికొచ్చే వెలుగు తరంగదైర్ఘ్యం మీద, ఉందో లేదో చూడండి. 850 మీద పెట్టి కొలిస్తే ఆ అంకెను నమ్మలేం.

ఒక వైరును ఎనిమిదిగా పంచే స్ప్లిటర్ దాదాపు 10.5 డీబీ (డెసిబెల్, వెలుగు నష్టానికి కొలత) తింటుంది. మీ 400 మీటర్ల వైరు తినేది 0.2 కూడా ఉండదు. కనెక్టర్లకు ఒక డీబీ వేసుకున్నా ఇంట్లో మైనస్ 21 దగ్గర రావాలి. అంటే 8 డీబీ ఎక్కడో పోతోంది. ప్రతి 3 డీబీకి వెలుగు సగమవుతుంది కాబట్టి ఇది చిన్న నష్టం కాదు.

స్ప్లిటర్ అవుట్‌పుట్ దగ్గరే కొలవండి. అక్కడ మైనస్ 20 ఉంటే స్ప్లిటర్‌ను వదిలేయండి, తప్పు అక్కడి నుంచి ఇంటికెళ్లే వైరుదో, దాని కనెక్టర్లదో. ఆకుపచ్చ కనెక్టర్‌ను నీలం దాంట్లో గుచ్చారేమో చూడండి, నాకు చాలాసార్లు దొరికిన దొంగ అదే! మిర్యాలగూడలో రైస్ మిల్లు పక్కింట్లో అయితే కనెక్టర్ మొనకు తవుడు దుమ్ము పట్టింది. స్పిరిట్, నూగు రాలని టిష్యూతో తుడిస్తే 5 డీబీ తిరిగొచ్చింది. కండువా అంచుతో మాత్రం తుడవకండి.

అప్పటికీ తేలకపోతే వైరును రెండు చివర్లా విప్పి, లోపలికి ఎర్ర వెలుగు పంపే రెడ్ లైట్ పెన్ ఒక మొనకు పెట్టండి. తలుపు సందులో నలిగిన చోట ఎర్రగా కారుతుంది. మొనలోకి కన్ను పెట్టి చూడొద్దు.