ఆరు వందల ఏళ్లకు అందే కబురు

అంబాజీపేట

అమ్మాయ్,

నీ కథ రెండుసార్లు చదివాను. మొదటిసారి రాత్రి, కరెంటు పోయినప్పుడు, ఫోన్ వెలుతురులో. రెండోసారి పొద్దున్నే పెరట్లో కొబ్బరి చెట్ల కింద కూర్చుని. ఆ రెండోసారే అనుమానాలు వచ్చాయి.

ఊహ చాలా బాగుంది. రెండు సూర్యుళ్ల వెలుగులో తిరిగే గ్రహం, ఆ గ్రహమంతా ఒకే ఒక్క మొక్క. ఓడ దిగినవాళ్లు ఎక్కడ అడుగు వేసినా దాని ఒంటి మీదే. తెలుగులో ఇలాంటివి రాసేవాళ్లు తక్కువ. దీన్ని మాత్రం వదిలిపెట్టకు.

కానీ మూడో పేజీలో ఆ మొక్క నోరు విప్పింది. "ఓ మానవులారా" అని మొదలుపెట్టి ధర్మం చెప్పింది. అక్కణ్నుంచి నాకు మొక్క కనిపించలేదు, ఆకులు కట్టుకున్న ముసలి ఋషి కనిపించాడు. ఆ పేజీ తీసెయ్ తల్లీ. మనసు కష్టపెట్టుకోకు, ఇదే తప్పు నేనూ చేశాను. 1996 నవంబరు 6 తుపానుకు కోనసీమలో కొబ్బరి తోటలు నేలమట్టమయ్యాయి. ఆ బాధలో కొబ్బరి చెట్టు వెక్కి వెక్కి ఏడ్చినట్టు ఒక కథ రాశాను. మా పక్క చేను రైతుకు చదివి వినిపించాను. ఆయన అంతా విని, "చెట్టు ఏడవదండీ. ఇవాళ తగిలిన దెబ్బకి రెండేళ్లాగి కాయ తగ్గిస్తుంది" అన్నాడు. అది నిజం. కొబ్బరిలో గెల పైకి కనిపించడానికి రెండేళ్లకు ముందే లోపల పూత మొదలవుతుంది. ఈ ఏడు వాన ఎగ్గొడితే, ఆ లోటు కాపులో కనిపించేది ఆ తర్వాతి సంవత్సరాల్లో. నా కథలో కన్నీళ్ల కంటే ఆయన చెప్పిన ఆ ఒక్క మాటే ఎక్కువ బాధ పెట్టింది.

ఆ మాట పట్టుకునే నీ గ్రహానికి లెక్క కట్టాను. మొక్కకు నరాలు లేవు. అయినా ఒక ఆకును పురుగు కొరికితే మిగతా ఆకులకు తెలుస్తుంది. 2018లో శాస్త్రవేత్తలు ఆవాల కుటుంబానికి చెందిన ఒక చిన్న మొక్కలో ఆ కబురు ప్రయాణించడం కెమెరాలో పట్టారు. కాల్షియం ఒక అలలా పాకుతుంది, సెకనుకు దాదాపు 1 మిల్లీమీటరు. అంటే ఏడాదికి 31 కిలోమీటర్ల పైచిలుకు. మా ఊరి నుంచి రాజమండ్రి చేరడానికే సుమారు రెండేళ్లు. నీ గ్రహం భూమి అంత అన్నావు కదా, చుట్టుకొలత 40,000 కిలోమీటర్లు. ఇటువైపు గొడ్డలి వేటు పడితే సరిగ్గా అటువైపుకు 20,000 కిలోమీటర్లు. కబురు అందడానికి 630 ఏళ్లు! ధవళేశ్వరం ఆనకట్ట పూర్తయిన 1852లో ఒక వేరు తెగి ఉంటే, ఆ కబురు ఇవాళ్టికి మూడో వంతు దారి కూడా దాటి ఉండదు.

ఈ లెక్క తేలాక ఆ రోజంతా నాకు ఇంకో పని మీదకు మనసు పోలేదు. నరికినవాళ్లు పోతారు, వాళ్ల మునిమనవళ్లూ పోతారు. అప్పుడు ఎక్కడో అవతల ఒక చిగురు ముడుచుకుంటుంది. ఆ సంగతి తెలియని ఎవరో ఆ చిగురు పక్కన నిలబడి ఉంటారు. నీ కథ వాళ్లదని నాకు గట్టిగా అనిపిస్తోంది.

ఇంకో సంగతి తేల్చుకో. ఆ మొక్క ప్రాణం ఎక్కడుంది? టేకు, వేప లాంటి మానుల్లో పెరిగే పొర బెరడు కిందే, లోపలి చేవ ఎప్పుడో చచ్చిన కట్టె. గ్రహమంత మొక్క అయితే తన బరువుకు తనే లోపల నలిగిపోతుంది, బతికి ఉండేది పైతొక్క మాత్రమే. కొబ్బరి తీరు వేరు. బెరడు కింద పెరిగే పొర దానికి లేదు, అందుకే దింపు కార్మికులు ఎక్కడానికి కొట్టిన గంట్లు చెట్టు ఉన్నంతకాలం పూడవు. ప్రాణమంతా తలలోని ఒక్క మొవ్వులో, అంటే ఆ లేత మొగ్గలో. కొమ్ము పురుగు ఆ మొవ్వును తినేస్తే అంత చెట్టూ నిలబడే చచ్చిపోతుంది. అరటి మళ్లీ ఇంకోలా. గెల కోసి బోదె నరికేసినా కింద దుంప ఉంటుంది, పక్కన పిలక లేస్తుంది. చావు లేనట్టే. కానీ పిలకలన్నీ ఒకే రక్తం కాబట్టి, పనామా తెగులు వస్తే అమృతపాణి తోటకు తోటే పోతుంది. నీ మొక్క వీటిలో ఏ తీరుదో నీకు తెలిస్తే, దాని భయం ఏమిటో తెలుస్తుంది.

అంత పెద్దది నమ్మేలా ఉంటుందా అని టెన్షన్ పడుతున్నట్టు రాశావు. పడకు. ఆస్ట్రేలియాలోని షార్క్ బే సముద్రంలో ఒకే గడ్డి మొక్క 180 కిలోమీటర్ల మేర పాకి ఉందని 2022లో బయటపడింది. అమెరికాలోని యూటాలో 40 హెక్టార్ల పైన కనిపించే అడవి అంతా ఒకే వేరు నుంచి లేచిన దాదాపు 47,000 మానులు. మన కాలువల్లో గుర్రపు డెక్కను చూడు, ఎక్కడ ఒకటి అయిపోయి ఇంకోటి మొదలవుతుందో చెప్పగలవా?

నువ్వు రాసిన పది కిలోమీటర్ల ఎత్తు చెట్లు మాత్రం కుదరవు. భూమి మీద అన్నిటికంటే పొడుగు చెట్టు 116 మీటర్లే, అంతకు మించి ఎంతో ఎత్తుకు నీరు లాగడం ఆకుల వల్ల కాదు. కావాలంటే ఆకులకు పొగమంచు తాగించు. మట్టి లేదన్నావు, మరి తిండి? మన గోదావరి లంకలకు వరద ఒండ్రు తెస్తుంది. నీ గ్రహానికి ఎవరు తెస్తారో ఆలోచించు. తన మీద రాలిన తన ఆకులనే తింటుందేమో.

పేర్ల గురించి ఒక్క మాట. నీ వ్యోమగాములు కోనసీమ వాళ్లని మొదటి పేజీలోనే చెప్పావు. అలాంటప్పుడు ఆ మొక్క భాగాలకు నోరు తిరగని పేర్లెందుకు? మొవ్వు, పిలక, ఊడ, బోదె, చేవ అనే అంటారు వాళ్లు.

మళ్లీ రాయి, తొందరేం లేదు. కార్తీకంలో నీకు సెలవులు దొరికితే కోరంగి మడ అడవికి వెళ్దాం. పాటు వేళకు చేరాలి. నీళ్లు తీశాక బురదలోంచి మడ చెట్ల ఊపిరి వేర్లు పెన్సిళ్లు గుచ్చినట్టు వేలకు వేలు పైకి లేచి ఉంటాయి. నువ్వు ఒక గంట అక్కడ ఊరికే నిలబడితే చాలు, నేను పక్కనే ఉంటాను. చెప్పులు పాతవి వేసుకుని రా.

ఆశీస్సులతో,
మాస్టారు